వాయిదా మాత్రం తప్పొద్దు తల్లీ

చిత్తూరు

చిరంజీవి అమ్మాయికి పెదనాన్న ఆశీస్సులు.

హైదరాబాద్ ఫ్యామిలీ కోర్టు నుంచి నీకు విడాకుల సమన్లు వచ్చాయని నాన్న నిన్న ఫోన్ చేశాడు. "అమ్మాయి తిరుపతిలో ఉంది, అంత దూరం రాలేమని ఒక లెటర్ రాసి పంపేస్తే సరిపోదా అన్నా?" అని అడిగాడు. సరిపోదు. కేసునే తిరుపతికి మార్చమని పిటిషన్ వేయాలి. ముప్పైరెండేళ్లు వకీలు గుమాస్తాగా చిత్తూరు కోర్టు మెట్లు ఎక్కి దిగినవాణ్ణి. లా చదవలేదు గానీ, కేసులు ఎక్కడ చెడతాయో చూశాను.

రాష్ట్రం ఒకటిగా ఉన్న రోజుల్లో హైదరాబాద్ కేసును తిరుపతికి మార్చాలంటే హైకోర్టుకు వెళ్తే చాలు. ఇప్పుడు అది వేరే రాష్ట్రం. విశాఖ నుంచి మార్చాలంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 24 కింద అమరావతి హైకోర్టు చూసుకుంటుంది. హైదరాబాద్, బెంగళూరు, చెన్నైల నుంచైతే అదే కోడ్ సెక్షన్ 25 కింద సుప్రీంకోర్టే. బెంగళూరుకు పొద్దున బస్సెక్కి రాత్రికి ఇంటికొచ్చేసే చిత్తూరు వాళ్లకు కూడా ఢిల్లీయే గతి! 1981లోనే ఉదయపూర్‌లో భర్త వేసిన విడాకుల కేసును సుప్రీంకోర్టు మన ఏలూరుకు మార్చింది కాబట్టి, ఇదేమీ కొత్త దారి కాదు.

ఢిల్లీ అనగానే టెన్షన్ పడకు. నువ్వు వెళ్లనక్కర్లేదు. అఫిడవిట్ (ప్రమాణ పత్రం) మీద తిరుపతిలోనే నోటరీ ముందు సంతకం పెడితే ఢిల్లీ వకీలు దాఖలు చేస్తారు. ఫీజు భారమనిపిస్తే, 1987 చట్టం ప్రకారం ఆడవాళ్లకు ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయ సహాయం ఉంది. కోర్టు ఆవరణలోని న్యాయసేవల ఆఫీసులో అడుగు. మొహమాటపడితే మనకే నష్టం.

ఇక అసలు సంగతి. ట్రాన్స్‌ఫర్ పిటిషన్ వేసినంత మాత్రాన హైదరాబాద్ కేసు ఆగదు. స్టే ఆర్డరు చేతికొచ్చేదాకా వాయిదా వాయిదాయే. ఒకసారి మదనపల్లె వైపు అమ్మాయికి "ఢిల్లీలో నంబర్ పడింది, ఇక నిశ్చింతగా ఉండమ్మా" అని చెప్పింది నేనే. వాయిదా రోజు ఆమె తరఫున ఎవరూ లేరు. బంట్రోతు మూడుసార్లు పిలిచాడు. సెట్ ఎక్స్‌పార్టీ చేశారు, అంటే ఆమె లేకుండానే కేసు నడిపారు, ఆ తర్వాత విడాకుల డిక్రీ కూడా వచ్చేసింది. ముప్పై రోజుల్లోపు పిటిషన్ వేసి డిక్రీని రద్దు చేయించాం గానీ, దానికే ఎనిమిది నెలలు పట్టింది. ఆమె నన్ను ఒక్క మాటా అనలేదు. అనుంటే బాగుండేది. అందుకే ముందు హైదరాబాద్‌లో ఒక వకీలుకు నీ తరఫున హాజరయ్యేలా వకాలత్ ఇచ్చి, కౌంటరుకు, అంటే నీ జవాబుకు, టైమ్ అడిగించు.

అఫిడవిట్‌లో నీ భర్త మంచివాడా చెడ్డవాడా అన్నది రాయొద్దు. ఆ కథంతా అసలు కేసులో చెప్పుకోవాలి. నీకు రావడం ఎందుకు కష్టమో అదే రాయి. నీ పాపకు మూడేళ్లు, చూసుకోవడానికి ఎవరూ లేరు. నాన్నకు గుండె ఆపరేషన్ అయింది, స్విమ్స్ ఆసుపత్రి కాగితాలు పెట్టు. ఉద్యోగం లేదు. ఒక రాత్రి రైల్లో పోవాలి, ఇంకో రాత్రి రావాలి, తోడు ఒకరు కావాలి. మొదటి వాయిదాకు వెళ్లొస్తే టికెట్లు చించి పారేయకు. అతను బెదిరిస్తూ మెసేజ్‌లు పెట్టుంటే స్క్రీన్‌షాట్లు తీసిపెట్టు. లేని బెదిరింపు మాత్రం కల్పించొద్దు. భార్య సౌకర్యాన్నే ముందు చూడాలని సుప్రీంకోర్టు చాలాసార్లు చెప్పింది గానీ, ఆడవాళ్లు అడిగినంత మాత్రాన మార్చేసేది లేదని 2006లో గట్టిగానే అంది.

"రానుపోను ఖర్చులు నేనిస్తా, కేసు ఇక్కడే ఉంచండి" అని అతను అనొచ్చు. చాలామంది అదే అంటారు, కోర్టు ఒప్పుకునే సందర్భాలూ ఉన్నాయి. కాబట్టి మార్చకపోతే నీకూ తోడువాళ్లకూ ఖర్చులు ఇప్పించమని పిటిషన్‌లో ముందే అడగాలి.

మనోవర్తి కేసు నువ్వు ఉంటున్న ఊళ్లోనే వేయొచ్చు. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో సెక్షన్ 125, ఇప్పుడు దాని బదులు వచ్చిన బీఎన్ఎస్ఎస్ చట్టంలో సెక్షన్ 144. అతను ఇంటి ఖర్చులకు పైసా పంపడంలేదు కాబట్టి అది ఎలాగూ వేయాల్సిందే. దాని కోసం అతను తిరుపతికి రావాల్సిందే కాబట్టి, విడాకుల కేసు కూడా ఇక్కడికే మార్చమనడానికి బలముంటుంది. ఎవరో చెప్పారని నాలుగు కేసులు వేయకు, నాలుగింటికీ వాయిదాలు తిరగాల్సింది నువ్వే.

ఆదివారం నాన్నతో కలిసి చిత్తూరు రా. సమన్లు కవరుతో సహా తీసుకురా, దాని మీద తపాలా ముద్ర ఉంటుంది. పెళ్లి ఫొటో, ఆధార్, పాప బర్త్ సర్టిఫికెట్ కూడా. వాయిదా తేదీ ఇవాళే ఫోన్లో చెప్పు, నా డైరీలో రాసుకుంటాను.

పెదనాన్న