ద్రాక్ష మొక్క కొనే ముందు

ప్రశ్న: నార్త్ కరోలినాలోని కేరీలో ఇల్లు కొన్నాం. పెరట్లో ద్రాక్ష పందిరి వేయాలని ఉంది. మన ద్రాక్ష వేయమంటారా, ఇక్కడి మస్కడైన్ ద్రాక్షా?

తమ్ముడూ, 2006లో ఈ మాట నేనెవర్నీ అడగలేదు, నాకే అన్నీ తెలుసు కదా! హైదరాబాద్ చుట్టూ అనాబే షాహి ద్రాక్ష తోటలు చూస్తూ పెరిగినవాణ్ణి. గింజలేని ద్రాక్ష మొక్కలు మూడు కొన్నాను, 75 డాలర్లు. మూడో వేసవికి ఆకుల అంచులు నిప్పు సెగ తగిలినట్టు మాడాయి, తీగలు చచ్చాయి. దాన్ని పియర్స్ తెగులు అంటారు. రసం పీల్చే పురుగులు మోసుకొచ్చే బ్యాక్టీరియా తీగలో నీళ్లు పారే దారులు మూసేస్తుంది. ఈ నేలలోనే పుట్టిన మస్కడైన్ దానికి తట్టుకుంటుంది.

సరే, మస్కడైనే కొన్నాను. కాయ పెద్దదని 'ఫ్రై' రకం, 35 డాలర్లు. పూత బ్రహ్మాండం, కాపు గుప్పెడు. అది ఆడతీగ అనీ, పుప్పొడి ఇచ్చే తోడు కావాలనీ ఎవరు చెప్పారు? చీటీ మీద రాసే ఉందట, నేను ధర మాత్రమే చదివాను. మొత్తం 110 డాలర్లు, అప్పటి లెక్కలో దాదాపు 5,000 రూపాయలు. మా ఆవిడ ఇప్పటికీ మరిచిపోలేదు. మీరు 'కార్లోస్' వేయండి, ఒంటరిగానే కాస్తుంది, పక్కన ఫ్రై ఉంటే దానికీ పనికొస్తుంది. తీగకు తీగకు 20 అడుగులు వదలండి, ఏటా చలికాలం చివర కొమ్మలు నిర్దయగా కత్తిరించండి. కాలనీ సంఘం అనుమతి, ఇండియా నుంచి మొక్కలు తేవడంపై నిబంధనలు మీరే చూసుకోండి.

తినడం కూడా నేర్చుకోవాలి. మొదటిసారి మామూలు ద్రాక్షలా కొరికి, తోలు నమిలినట్టుందని ఉమ్మేశాను. పక్కింటి ముసలాయన నవ్వి చూపించాడు: తొడిమ ఊడిన వైపు నోటికి ఆనించి నొక్కితే గుజ్జు లోపలికి జారుతుంది, గింజలు ఊసేయాలి. రాగిరంగు కాయల్ని వీళ్లు స్కప్పర్నాంగ్ అంటారు. ఇక్కడి ఒక నది పేరు అది. 2001 నుంచి ఈ కాయే రాష్ట్ర ఫలం కూడా. ఈ రాష్ట్రంలోనే రోనోక్ దీవిలో ఉన్న ముసలి తీగ వయసు 400 ఏళ్లని చెబుతారు.

తొక్క పారేస్తే సగం డబ్బు పారేసినట్టే. ఇక్కడివాళ్లు తొక్కలు ఉడికించి, గుజ్జుతో కలిపి, పిండి తొడుగులో పెట్టి కాల్చే 'పై' అనే తీపి వంటకం చేస్తారు. మేము పచ్చడి చేస్తాం. నేను మొదట కాయల్ని గింజలతో సహా మిక్సీలో వేశాను, చేదు విషం! గుజ్జు విడిగా ఉడికించి గింజలు వడకట్టండి, తొక్కలు మెత్తబడేదాకా మరిగించండి. ఎండుమిర్చి, ఆవాలు, ఇంగువ పోపు చాలు.

అసలు మొక్క కొనకముందే సెప్టెంబరులో మనమే కోసుకునే తోటకు ఒకసారి వెళ్లండి. పాత చొక్కా వేసుకోండి, నల్లకాయల రసం మరక వదలదు. నాది కొత్త చొక్కా, 40 డాలర్లు.