అన్నా మే వాంగ్‌కి జర్మనీలో దొరికిందేమిటి?

ప్రశ్న ఇది: "చైనా మూలాలున్న హాలీవుడ్ నటి అన్నా మే వాంగ్ 1928లో అమెరికా వదిలి జర్మనీ ఎందుకు వెళ్ళింది? దానివల్ల ఆమె కెరీర్‌కి నిజంగా మేలు జరిగిందా?"

ఎందుకు వెళ్ళిందన్నది త్వరగానే తేలుతుంది. మేలు జరిగిందా అంటే, జరిగింది. కాకపోతే ఎక్కువమంది రాసే మేలు వేరు, నేను చెప్పబోయేది వేరు. నన్నడిగితే ఆ రెండు మూడేళ్ళలో ఆమె సంపాదించుకున్న అసలు ఆస్తి గొంతు. డబ్బింగ్ పని చేసేవాళ్ళం ఏ నటి గురించి మాట్లాడినా ఆ గొంతు ఎలా తయారైందన్న దగ్గరే ఆగుతాం. అందుకే ఈ జవాబు కూడా అటే మొగ్గుతుంది.

ముందు కారణం. ఆమె 1905 జనవరి 3న లాస్ ఏంజెలెస్‌లో పుట్టింది. అక్కడ బట్టలుతికే దుకాణం నడిపే చైనీయుల కుటుంబం. 1922లో, పదిహేడేళ్ళ వయసులో, తొలినాటి రెండు రంగుల టెక్నికలర్ పద్ధతిలో తీసిన 'ది టోల్ ఆఫ్ ది సీ'లో కథానాయిక. 1924లో 'ది థీఫ్ ఆఫ్ బాగ్దాద్'లో మంగోల్ బానిస పిల్ల. ఆ తరువాత ఎన్ని సినిమాలు చేసినా పనిమనిషి, బానిస, మాయలాడి, అంతే. కారణం నటన కాదు, లెక్క. హీరో ఎప్పుడూ తెల్లవాడే. కాలిఫోర్నియా చట్టం ప్రకారం తెల్లవాళ్ళకూ ఆసియా వాళ్ళకూ పెళ్ళి చెల్లదు. ఆ చట్టం 1948లో కోర్టు కొట్టేసేదాకా ఉంది. 1927లో అమెరికన్ నిర్మాతలు తెర మీద చూపకూడనివంటూ రాసుకున్న జాబితాలోనూ జాతుల మధ్య సంబంధం ఉంది. హీరోతో చివరిదాకా ఉండే వీల్లేని మనిషిని హీరోయిన్‌గా ఎవరు పెట్టుకుంటారు? పోనీ కథలో పెద్ద చైనా పాత్ర ఉంటే, అది మేకప్ వేసుకున్న తెల్లవాళ్ళకే పోయేది.

అలాంటి సమయంలో జర్మన్ దర్శక నిర్మాత రిచర్డ్ ఐష్‌బెర్గ్ నుంచి పిలుపు వచ్చింది. వెళ్ళడమంటే ఓడ టికెట్ కొనుక్కోవడమొక్కటే కాదు, ఈ సంగతి చాలామంది వదిలేస్తారు. 1882 నాటి చైనీయుల బహిష్కరణ చట్టం 1943 దాకా నడిచింది. అమెరికా గడ్డ మీదే పుట్టినా చైనా జాతి అని రాసి ఉంటే, దేశం దాటే ముందు 430 నంబరు ఫారం నింపి, విచారణకు హాజరై, తన పౌరసత్వాన్ని ముందుగానే రుజువు చేసుకోవాలి. లేకపోతే తిరిగొచ్చాక రేవులోనే ఆపేయగలరు. పేరున్న నటి కూడా ఆ ఫారం నింపాల్సిందే.

1928 ఆగస్టులో బెర్లిన్‌లో విడుదలైన 'సాంగ్'లో టైటిల్ పాత్ర ఆమెదే. పక్కన హైన్రిష్ గెయోర్గె, అప్పటికే జర్మన్ రంగస్థలంలో పెద్ద నటుడు. కథ కార్ల్ ఫోల్‌మోలర్‌ది. ఈ పేరు గుర్తుపెట్టుకోండి, మళ్ళీ వస్తుంది. అదే ఏడాది జర్మన్ రచయిత, విమర్శకుడు వాల్టర్ బెంజమిన్ బెర్లిన్‌లో ఆమెను కలిసి మాట్లాడి, జూలైలో పత్రికలో వ్యాసం రాశాడు. 1929లో 'పేవ్‌మెంట్ బటర్‌ఫ్లై', అదే ఏడాది లండన్‌లో జర్మన్ దర్శకుడు డూపాంట్ తీసిన 'పికడిల్లీ', 1930లో 'హై-టాంగ్'.

ఇక్కడ నాకు కోపం తెప్పించే మాటొకటి ఉంది. "అమెరికా అణిచేస్తే జర్మనీ స్వేచ్ఛనిచ్చింది" అని రాసేస్తుంటారు. ఆ సినిమాలు చూస్తే ఆ మాట రాయలేరు. 'సాంగ్'లో కత్తుల నాట్యంలో పడి చనిపోతుంది. 'పికడిల్లీ'లో హత్య. 'హై-టాంగ్'లోనూ చావే. 'పేవ్‌మెంట్ బటర్‌ఫ్లై'లో ఒక్కదాంట్లో బతుకుతుంది, కానీ ప్రేమించినవాణ్ణి వదిలి ఒంటరిగా వెళ్ళిపోతుంది. తెల్లవాడితో కాపురం పెట్టనివ్వని లెక్క బెర్లిన్‌లోనూ అదే. తేడా ఎక్కడంటే, అక్కడ మొదటి పేరు ఆమెది. కథ ఆమెతో మొదలై ఆమెతో ముగుస్తుంది. దగ్గరి షాట్లు ఆమె మీద నిలబడతాయి. ఒక సినిమా మొత్తాన్ని భుజాన మోసే అలవాటు అక్కడ పడింది.

ఇంకో చిరాకు ఆ ఫొటో. 1928లో బెర్లిన్ డాన్స్ పార్టీలో ఆల్ఫ్రెడ్ ఐసెన్‌స్టాట్ తీసింది: మార్లీన్ డీట్రిచ్, అన్నా మే వాంగ్, లెని రీఫెన్‌స్టాల్. దీన్ని పెట్టి "డీట్రిచ్ పక్కన నిలబడే స్థాయికి ఎదిగింది" అని రాస్తారు. తారుమారు చేసి చదవండి. డీట్రిచ్‌ని పెద్ద తారను చేసిన 'బ్లూ ఏంజెల్' సినిమా ఇంకా రాలేదు. రీఫెన్‌స్టాల్ ఇంకా ఒక్క సినిమాకీ దర్శకత్వం వహించలేదు. ఆ ముగ్గురిలో అప్పటికి దేశదేశాల్లో తెలిసిన ముఖం వాంగ్‌దే.

ఇప్పుడు గొంతు. 1929 మార్చిలో లండన్ న్యూ థియేటర్‌లో 'ది సర్కిల్ ఆఫ్ చాక్' నాటకం. పక్కన అప్పటికి కుర్ర నటుడైన లారెన్స్ ఒలీవియె. చైనా పాత నాటకాన్ని జర్మన్ కవి క్లాబుండ్ తిరగరాస్తే, దానికి ఇంగ్లీష్ రూపం ఇది. 1925లో బెర్లిన్‌లో పేరున్న దర్శకుడు మాక్స్ రైన్‌హార్ట్ వేయించినప్పుడు ఆ చైనా అమ్మాయి పాత్ర తెల్ల నటి ఎలిజబెత్ బెర్గ్‌నర్ చేసింది. లండన్‌లో ఆ పాత్ర చైనా మూలాలున్న నటికే దక్కింది. కానీ విమర్శకులు ఆమె కాలిఫోర్నియా యాస మీద విరుచుకుపడ్డారు. ముఖం చూసి ఒక గొంతు ఊహించుకున్నారు, వినిపించింది లాస్ ఏంజెలెస్ అమ్మాయి గొంతు. మూకీల్లో పెరిగిన నటికి ఇంకో చిక్కూ ఉంటుంది. కళ్ళతో, చేతులతో భావం చెప్పేశాక మాట వెనకబడుతుంది. ఊపిరి ఛాతీ పైభాగంలోనే ఆగిపోతుంది కాబట్టి గొంతు పైకెక్కి సన్నబడుతుంది, హాల్లో వెనక వరుసకు కీచుగా చేరుతుంది. దానికి మందు ఉచ్చారణ ఒక్కటే దిద్దుకోవడం కాదు. ఊపిరిని పొట్టదాకా దించి, గొంతు స్థాయి తగ్గించి, వాక్యం చివరి మాటదాకా గాలి మిగిల్చుకోవాలి. ఆమె కేంబ్రిడ్జ్ గురువుల దగ్గర శిక్షణ తీసుకుని బ్రిటిష్ రంగస్థల ఇంగ్లీష్ పట్టేసింది. ఆ తరువాతి సినిమాల్లో వినిపించే మందమైన, తొణకని గొంతు అలా కట్టుకున్నదే.

అసలు పరీక్ష 'హై-టాంగ్'. ఆమె తొలి టాకీ. లండన్ దగ్గర ఎల్‌స్ట్రీలో బ్రిటిష్ ఇంటర్నేషనల్ పిక్చర్స్ స్టూడియోలో ఐష్‌బెర్గ్ తీశాడు. ఒకే కథ మూడు సినిమాలుగా: ఇంగ్లీష్, జర్మన్, ఫ్రెంచ్. హీరో ఇంగ్లీష్‌లో జాన్ లాంగ్‌డెన్, జర్మన్‌లో ఫ్రాన్సిస్ లెడరర్, ఫ్రెంచ్‌లో మరొకరు. హీరోయిన్ మాత్రం మూడింట్లోనూ ఆమే, మాట కూడా తనదే. మన 'మిస్సమ్మ' తెలుగులో ఎన్.టి.ఆర్., తమిళంలో జెమినీ గణేశన్, రెండింట్లోనూ సావిత్రి కదా, అలాగన్నమాట. కాకపోతే ఇక్కడ భాషలు మూడు, అందులో రెండు ఆమె పెద్దయ్యాక నేర్చుకున్నవి.

"డబ్బింగ్ చెప్పించేస్తే పోయేది కదా?" అని అడగొచ్చు. ఆ రోజుల్లో అది తేలిక కాదు. అప్పటి ఆప్టికల్ శబ్దాన్ని, అంటే ఫిల్ము అంచున కాంతితో ముద్రించేదాన్ని, ఒకసారి రికార్డు చేసి మళ్ళీ ఇంకో ఫిల్ము మీదికి ఎక్కిస్తే బుస పెరిగి మాట మసకబారేది. అందుకే చాలావరకు సెట్‌లో పలికిందే చివరిదాకా ఉండేది. అదే స్టూడియోలో 1929లో హిచ్‌కాక్ 'బ్లాక్‌మెయిల్' తీస్తూ ఇదే చిక్కులో పడ్డాడు. హీరోయిన్ ఆనీ ఓండ్రా యాస లండన్ అమ్మాయి పాత్రకు నప్పలేదు. దాంతో జోన్ బ్యారీ కెమెరాకు కనబడకుండా నిలబడి మైకులో మాట్లాడుతుంటే ఓండ్రా పెదాలు కదిలించింది. అందులో పోలీసు వేషం వేసింది ఈ లాంగ్‌డెనే. అంటే నటికి భాష కుదరకపోతే ఏం చేయాలో ఎల్‌స్ట్రీకి తెలుసు. వాంగ్ విషయంలో ఆ అవసరం రాలేదు. డబ్బింగ్ వాళ్ళు ఆమె గురించి చెప్పుకోవలసిన మొదటి సంగతి ఇదే.

ఇలా పలు భాషల్లో తీసే పద్ధతి ఎలా ఉండేదో కొంచెం వివరంగా చెబుతాను, లేకపోతే ఆ పని బరువు తెలియదు. కెమెరా మోత మైకులో పడకుండా దాన్ని అద్దం కిటికీ ఉన్న గదిలో పెట్టేవాళ్ళు, కాబట్టి అది కదలదు. ఆర్క్ దీపాలు గుయ్యిమంటాయి కాబట్టి వాటి బదులు పెద్ద బల్బులు, సెట్ అంతా కొలిమి వేడి. మైకు ఒకచోట కట్టేసి ఉంటుంది, తల పక్కకు తిప్పి మాట్లాడితే గొంతు పోతుంది. దీపాలు, సెట్టు ఒకసారే అమరుస్తారు. ఒక భాష నటులు సీను చేసి దిగిపోతారు, ఇంకో భాష వాళ్ళు అవే గుర్తుల మీద నిలబడతారు. వాళ్ళకు మధ్యలో విరామం ఉంటుంది. అన్ని భాషల్లోనూ ఉన్న మనిషికి ఉండదు. ఒకే ఏడుపు మూడుసార్లు, మూడు వ్యాకరణాల్లో.

ఇందులో తప్పు జరిగే చోట్లు ఇవి. మొదటిది నిడివి. ఇంగ్లీష్‌లో నాలుగు అడుగుల్లో అయిపోయే మాట జర్మన్‌లో ఆరడుగులు పడుతుంది, తలుపు దగ్గరికి ముందే చేరిపోయి నిలబడిపోతారు. రెండోది క్రియ. జర్మన్ ఉపవాక్యంలో క్రియ చివర్లో వస్తుంది, మనకు తెలుగులో వచ్చినట్టే. ఇంగ్లీష్ అలవాటున్నవాళ్ళు వాక్యం మధ్యలోనే బలమంతా ఖర్చుపెట్టి చివర జారవిడుస్తారు, అర్థం తెలిపే మాటే వినబడకుండా పోతుంది. మూడోది హల్లులు. జర్మన్‌లో మాట చివరి 'గ', 'డ'లు 'క', 'ట'లుగా గట్టిపడతాయి, 'టాగ్' అని రాసింది 'టాక్' అనాలి. నాలుగోది 'ర'. అమెరికన్ 'ర'లో నాలుక వెనక్కి ముడుచుకుంటుంది. 1898లో భాషావేత్త జీబ్స్ కట్టిన నియమాల ప్రకారం నడిచిన అప్పటి జర్మన్ రంగస్థల భాష నాలుక కొస మీద ఆడే 'ర' కోరేది, మన 'ర' లాంటిది. ఐదోది అచ్చులు. నాలుకను 'ఈ' దగ్గర ఉంచి పెదాలను 'ఊ'లా గుండ్రం చేస్తే వచ్చే అచ్చు ఇంగ్లీష్‌లో లేదు, జర్మన్‌లోనూ ఫ్రెంచ్‌లోనూ ఉంది. అన్నిటికన్నా మొండిది రాగం. ఇప్పుడే వదిలిన భాష తూగు తరువాతి టేకులోకి కారుతుంది. దాన్ని తుడిచేయడానికి మాటలు తెలిస్తే చాలదు, ఊపిరి ఎక్కడ తీసుకోవాలో కూడా భాషకొక తీరున మార్చుకోవాలి.

'హై-టాంగ్' మూడు రూపాలకూ సమీక్షలు బాగా రాలేదు. సినిమా బాగాలేదనే అన్నారు. మూడు భాషలను ఆమె మోసిన తీరును మాత్రం మెచ్చుకున్నారు, అది సరైన తీర్పే. ఇంకో రుజువు 1930లో వియన్నాలో 'చుయిన్ చి' అనే సంగీత నాటకం. ప్రధాన పాత్ర జర్మన్‌లో, జనం ముందు. సెట్ మీద తప్పితే రెండో టేకు ఉంటుంది, అక్కడ అదీ లేదు. అక్కడి విమర్శకుడు ఆమె కష్టమైన జర్మన్ పాత్రను నెగ్గుకొచ్చిందని రాశాడు. లండన్‌లో సొంత భాష మీద తిట్లు తిన్న ఏడాదికే ఇది.

1930లో బ్రాడ్‌వేలో 'ఆన్ ది స్పాట్' నాటకంతో అమెరికా చేరింది, ఆ నాటకం 167 ప్రదర్శనలు ఆడింది. తరువాత పారామౌంట్ స్టూడియో. 1931లో 'డాటర్ ఆఫ్ ది డ్రాగన్'కి ఆమెకిచ్చింది 6,000 డాలర్లు. అదే సినిమాలో జపాన్ నటుడు సెసూ హయకావాకి 10,000. స్వీడన్‌లో పుట్టి చైనావాడి వేషం వేసిన వార్నర్ ఓలాండ్‌కి, తెర మీద 23 నిమిషాలే ఉన్నా, 12,000. 1932లో 'షాంఘై ఎక్స్‌ప్రెస్', పక్కన డీట్రిచ్. ఈ డీట్రిచ్‌ని నిలబెట్టిన 'బ్లూ ఏంజెల్' కూడా జర్మన్, ఇంగ్లీష్ రెండు రూపాల్లో తీసిందే, దాని స్క్రీన్‌ప్లే రాసినవాళ్ళలో ఇందాకటి ఫోల్‌మోలర్ ఒకడు. 'షాంఘై ఎక్స్‌ప్రెస్' రైలు పెట్టె సీన్లలో వాంగ్, డీట్రిచ్ ఇద్దరూ ఎంత తక్కువ గాలితో ఎంత మాట పలికిస్తారో వినండి, ఒకే బడి పిల్లల్లా ఉంటారు.

ఆ గొంతును హాలీవుడ్ ఏం చేసుకుంది? 1937లో ఎం.జి.ఎం. 'ది గుడ్ ఎర్త్' తీసింది. కథంతా చైనా రైతులది. హీరో తెల్ల నటుడు పాల్ మ్యూనీ కాబట్టి భార్య పాత్రకు వాంగ్‌ని తీసుకోలేదు. ఇంకో చెడ్డ ఆడదాని పాత్రకు అడిగితే ఆమె ఒప్పుకోలేదు. భార్యగా చేసి ఆస్కార్ తీసుకున్నది డ్యూసెల్‌డార్ఫ్‌లో పుట్టి రైన్‌హార్ట్ దగ్గర పనిచేసిన లూయిజె రైనర్. రెండో పాత్ర చేసింది వియన్నా నర్తకి టిలీ లోష్. చైనా మూలాలున్న నటి జర్మన్ నేర్చుకుని వియన్నా వేదిక ఎక్కి వస్తే, చైనా ఆడవాళ్ళ పాత్రలు జర్మన్ మాట్లాడే ఇద్దరికి పోయాయి. రైనర్ మంచి నటి, ఆమె మీద నాకేం కోపం లేదు. కానీ ఈ పంపకం అన్యాయం.

చూడాలనుకుంటే 'పికడిల్లీ'తో మొదలుపెట్టండి. మూకీలు చాలావాటిని సెకనుకు 24 ఫ్రేముల కన్నా తక్కువ వేగంతో తీశారు. 20తో తీసినదాన్ని 24తో నడిపితే ఐదో వంతు వేగం పెరిగి, మనుషులు గెంతుతున్నట్టు కనిపిస్తారు, ఆమె నడక అందం పోతుంది. అలా అనిపిస్తే వీడియో వేగం 0.85 దగ్గర పెట్టుకోండి. తరువాత 'హై-టాంగ్' ఇంగ్లీష్ రూపం, 'ది ఫ్లేమ్ ఆఫ్ లవ్' అనే పేరుతో వెతకండి. కథ కోసం కాదు, హెడ్‌ఫోన్స్ పెట్టుకుని ఆమె వాక్యాల చివర్ల కోసం. ఆ వెంటనే 'షాంఘై ఎక్స్‌ప్రెస్' పెట్టండి.