రాజీనామా మీద సంతకం పెట్టనివ్వకండి, ముందు ఈఎస్ఐ లెక్క చూడండి

పర్లాకిమిడి నుంచి ఒక తండ్రి రాశారు. అబ్బాయి ఐటీఐ ఫిట్టర్. ఆంధ్రాలోని పైడిభీమవరంలో ఒక మందుల కంపెనీలో ఏడాది అప్రెంటిస్‌గా, తర్వాత అక్కడే కాంట్రాక్టరు కింద నెలకు 16,000కి రెండేళ్ల రెండు నెలలు చేశాడు. మధ్యలో కాంట్రాక్టరు మారాడు. నవంబరు ఆఖర్న ఇక పని లేదని గేటు పాసు తీసేసుకున్నారు, ఇప్పుడు ఫోన్ చేసి "రాజీనామా రాసివ్వు, ఫుల్ అండ్ ఫైనల్ (రావలసిన బాకీ అంతా) వేస్తాం" అంటున్నారట. నిరుద్యోగ భృతి ఎన్నాళ్లు వస్తుంది, మేం ఒడిశా వాళ్లం కదా మాకిస్తారా, డిగ్రీ అయి ఇంట్లో ఉన్న అమ్మాయికి కూడా ఏమైనా వస్తుందా అన్నది ఆయన ప్రశ్న.

అయ్యా, ముందు ఆ సంతకం ఆపించండి. మీవాడు మానలేదు, వాళ్లు తీసేశారు. ఈ తేడా మీదే భృతి అంతా ఆధారపడి ఉంది, ఎందుకంటే తనంతట తాను పని వదిలేసిన వాడికీ, తప్పు చేసి క్రమశిక్షణ చర్య కింద పోయిన వాడికీ ఈఎస్ఐ (జీతంలోంచి కోసే చందాతో నడిచే కేంద్ర కార్మిక బీమా) వాళ్లు ఇవ్వరు. కాంట్రాక్టరు నెలనెలా ఈఎస్ఐ లెక్క ఆన్‌లైన్‌లో వేసేటప్పుడు, పనిలో లేని మనిషి పేరు ఎదురుగా ఎందుకు లేడో ఒక కారణం ఎంచుకోవాలి. అందులో 'లెఫ్ట్ సర్వీస్' (తనే మానేశాడు) అని ఒకటుంది, 'రిట్రెంచ్‌మెంట్' (యజమానే తీసేశాడు) అని వేరే ఉంది, 'నో వర్క్' అనీ ఉంది. రాజీనామా చేతిలో పడితే మొదటిది నొక్కేస్తారు, అంతే సంగతులు. రావలసిన జీతానికీ రాజీనామాకీ సంబంధమే లేదు, తీసేసిన మనిషికి రెండు పనిదినాల్లోపు బాకీ జీతం ఇచ్చేయాలని చట్టమే చెబుతోంది. పని లేదని సూపర్‌వైజర్ పెట్టిన వాట్సాప్ మెసేజ్ ఉంటే చెరిపేయొద్దనండి. లేకపోతే "ఫలానా తేదీ నుంచి నన్ను పనిలోకి రానివ్వడం లేదు, కారణం రాతపూర్వకంగా ఇవ్వండి" అని నాలుగు ముక్కలు రాసి రిజిస్టర్ పోస్టులో పంపించండి, రసీదు దాచుకోండి.

ఇక ఎన్నాళ్లు అన్నదానికి వస్తే, ఈఎస్ఐలో రెండు పథకాలున్నాయి. మీవాడికి సరిపోయేది అటల్ బీమిత్ వ్యక్తి కళ్యాణ్ యోజన. అది మొత్తం 90 రోజులు, జీవితంలో ఒక్కసారే. రోజు సగటు సంపాదనలో సగం ఇస్తారు. అంతకుముందు పావు వంతే ఉండేది, 2020లో సగం చేశారు. సగటు ఎలా తీస్తారంటే, నాలుగు చందా కాలాల (ఒక్కోటి ఆరు నెలలు) జీతం మొత్తం కూడి 730తో భాగిస్తారు. మీవాడి 16,000 లెక్కన రోజుకు 526, అందులో సగం 263, 90 రోజులకు దాదాపు 23,670 రూపాయలు. పని పోయి 30 రోజులు గడిచాక క్లెయిమ్ పెట్టుకోవచ్చు, కంపెనీ ద్వారా పోనక్కర్లేదు, సొంతంగానే ఈఎస్ఐసీ వెబ్‌సైట్‌లో లాగిన్ అయి పెట్టుకోవచ్చు. ఇది 2018 జూలై 1న మొదలై గడువు పొడిగిస్తూ నడుపుతున్న పథకం, కాబట్టి పెట్టే ముందు అమల్లో ఉందో లేదో బ్రాంచి ఆఫీసులో ఒక మాట అడగండి.

రెండోది రాజీవ్ గాంధీ శ్రామిక్ కళ్యాణ్ యోజన, 2005 నుంచి ఉంది. ఫ్యాక్టరీ మూతపడినా, రిట్రెంచ్‌మెంట్ జరిగినా, పనికి సంబంధం లేని గాయంతో 40 శాతానికి తగ్గని శాశ్వత వైకల్యం వచ్చినా 24 నెలల దాకా ఇస్తారు, మొదటి ఏడాది జీతంలో సగం, రెండో ఏడాది పావు. కంపెనీ గనక రిట్రెంచ్‌మెంట్ అని రాసిస్తే ఇది కూడా అడిగి చూడాలి. 90 రోజులెక్కడ, 24 నెలలెక్కడ! కారణం ఏమని రాస్తున్నారో అందుకే అంత పట్టుబట్టమంటున్నాను.

అర్హత దగ్గర మీవాడికి ఇరుకు ఉంది. తీసేసే నాటికి రెండేళ్లు ఈఎస్ఐలో ఉండాలి. పని పోవడానికి ముందు ముగిసిన ఆరు నెలల చందా కాలంలో, అంటే ఏప్రిల్ నుంచి సెప్టెంబరు దాకా, కనీసం 78 రోజులకు చందా కట్టి ఉండాలి, అంతకుముందు మూడు కాలాల్లో ఏదో ఒకదానిలో ఇంకో 78. అప్రెంటిస్ ఏడాది ఇందులో కలవదు, అప్రెంటిస్ చట్టం కింద చేరినవాళ్లకు ఈఎస్ఐ ఉండదు. కాబట్టి మీ చేతిలో ఉన్నది ఆ రెండేళ్ల రెండు నెలలే, అందులో కాంట్రాక్టరు ఒక్క మూడు నెలల చందా ఎగ్గొట్టినా టెన్షనే. కాంట్రాక్టరు మారినప్పుడు కొత్త ఈఎస్ఐ నంబరు తీశారేమో వెంటనే చూడండి. చాలామంది పిల్లలకు రెండు నంబర్లుంటాయి, సర్వీసు రెండు ముక్కలై ఏ ముక్కకీ రెండేళ్లు నిండవు. రెండూ కలపమని బ్రాంచి ఆఫీసులో అర్జీ ఇవ్వాలి. జీతం స్లిప్పులో నెలకు 120 రూపాయలు కోసి ఉంటారు (0.75 శాతం), కంపెనీ వైపు నుంచి 520 పడాలి. కోసి కట్టకపోతే కాంట్రాక్టరు వెనకాల తిరగక్కర్లేదు, చట్టం ప్రకారం అసలు కంపెనీయే ముందుగా కట్టాలి, తర్వాత అతని దగ్గర వసూలు చేసుకుంటుంది. ఆ స్లిప్పులు పట్టుకుని ఈఎస్ఐకి ఫిర్యాదు రాయండి.

ఒడిశా అయితే ఏమీ అడ్డం కాదండీ. ఈఎస్ఐ కేంద్రానిది, అబ్బాయి కట్టింది సరిహద్దులోని పాతపట్నం అవతల అయినా ఇవతల అయినా హక్కు ఒకటే. మన వైపు అసలు చిక్కు పేరుతో వస్తుంది. ఆంధ్రాలో ఇంటిపేరు ముందు రాస్తారు, మన ఆధార్‌లో చివర ఉంటుంది, బ్యాంకు పుస్తకంలో పొడి అక్షరం ఒకటే ఉంటుంది. ఈఎస్ఐ రికార్డు, ఆధార్, బ్యాంకు మూడూ ఒక్కలా లేకపోతే డబ్బు పడదు, క్లెయిమ్ పెట్టేలోపు ఈ 30 రోజుల్లో అది సరిచేయించుకోండి. ఇంకోటి, ఏప్రిల్-సెప్టెంబరు చందా సరిగ్గా ఉంటే వచ్చే జూన్ ఆఖరు దాకా వైద్యం కూడా ఉంటుంది, కార్డు పారేయొద్దు.

అమ్మాయికి ఈ భృతి రాదు. ఇది చందా కట్టి, పని పోయిన వాళ్లకే. ఆంధ్రాలో 2018లో ముఖ్యమంత్రి యువనేస్తం అని డిగ్రీ చదివిన వాళ్లకు నెలకు 1,000 ఇచ్చి తర్వాత 2,000 చేశారు, అది కూడా అక్కడి నివాసులకే, 2019 తర్వాత ఆగిపోయింది. ఆమె ఏం డిగ్రీ చదివిందో విడిగా రాయండి, ఆమె సంగతి వేరుగా మాట్లాడదాం.

అబ్బాయి 90 రోజులూ ఇంట్లో కూర్చోవాలని కాదు. పని దొరికితే చేరిపోమనండి, చేరిన రోజు నుంచి భృతి తీసుకోకూడదు, దాచి తీసుకుంటే కేసవుతుంది. అప్రెంటిస్ ముగిశాక ట్రేడ్ టెస్టు రాసి జాతీయ అప్రెంటిస్‌షిప్ సర్టిఫికెట్ తెచ్చుకున్నాడా? ఆ మాట మీ ఉత్తరంలో లేదు. అది ఉంటే రాయగడ వైపు కాగితం మిల్లుకీ ఫెర్రో అల్లాయ్స్ ఫ్యాక్టరీలకీ నేరుగా కంపెనీ రోల్స్ మీద ఫిట్టర్‌గా అడగమనండి, ఒడియా చదవడం రాయడం వచ్చినవాడికి అటు ఇంకా మేలు. రాయకపోతే మళ్లీ పరీక్ష ఎప్పుడో తను చదివిన ఐటీఐలోనే అడిగి ఫారం నింపమనండి.