గది బయట బోర్డు ఎప్పుడు తీస్తారో అడిగారా?

మీ ప్రశ్న చదివి కాసేపు ఫోను పక్కన పెట్టేశాను. మీ నాన్నగారికి 62 ఏళ్ళు, గుంటూరు మిర్చి యార్డులో గుమస్తా. నాలుగు నెలల దగ్గుని యార్డులో ఘాటు వల్లే అనుకున్నారు, చివరికి టీబీ అని తేలింది. కొత్తపేటలో ఒక ఆస్పత్రిలో ఐదు రోజులుగా ఐసోలేషన్ గదిలో ఉన్నారు. రోజుకి ఒక్కరినే, అదీ పావుగంటే లోపలికి పంపుతున్నారు. ఆయన తిండి తగ్గించేశారు, మాట మానేశారు, నిన్న రాత్రి పొంతన లేకుండా మాట్లాడారని సిస్టర్ చెప్పింది. ఇంట్లో అమ్మగారు అప్పుడే ఆయన కంచం, గ్లాసు వేరు చేసేశారు. ఆయన ఒంటరితనానికి ఏం చేయాలి, ఇంటికొచ్చాక ఎన్నాళ్ళు దూరం పెట్టాలి అని అడిగారు.

నేను డాక్టర్ని కాను. విజయవాడ ఆటోనగర్‌లో స్పేర్ పార్ట్స్ షాపు నాది. 2022 మే నెలలో ఇదే జబ్బుతో సూర్యారావుపేటలో ఒక ప్రైవేటు ఆస్పత్రిలో పదహారు రోజులు అలాంటి గదిలోనే ఉన్నాను.

ముందు ఆ రాత్రి మాటల సంగతి తేల్చుకోండి. దిగులుతో అలా అంటున్నారులే అనుకుని ఊరుకోవద్దు. ఆ వయసువాళ్ళు ఆస్పత్రిలో ఉన్నట్టుండి తికమక పడటం డాక్టర్లకు బాగా తెలిసిన విషయమే, డెలీరియం అంటారు. సోడియం తగ్గినా, షుగర్ పడిపోయినా, ఆక్సిజన్ తగ్గినా, కొన్ని మందుల వల్లా రావచ్చు. టీబీ మెదడు పొరలకు పాకినా ఇలా మొదలవ్వచ్చు. అందుకని రేపటి రౌండ్స్ దాకా ఆగకుండా ఇవాళే డ్యూటీ డాక్టరుకి చెప్పండి, ఏ పరీక్షలు చేశారో అడగండి. అవతల వాళ్ళ పని వాళ్ళు చేస్తుంటే మీరు చేయగలిగినవి చిన్నవే గానీ పనికొస్తాయి. ఆయన కళ్ళద్దాలు, చెవి మిషను ఉంటే అది, ఒక గోడ గడియారం, తేదీ పెద్దగా కనిపించే క్యాలెండరు లోపలికి పంపండి. పగలు కిటికీ తెర తీసి ఉంచమనండి. ఆ గదుల్లో ఏ పూటో తెలియకుండా పోతుంది, నాకే నలభై నాలుగేళ్ళ వయసులో మూడో రోజుకి తెల్లవారిందో సాయంత్రమైందో అర్థం కాలేదు.

ఇక ఆ గది ఎందుకో మీ ఇంట్లో అందరికీ ఒకసారి వివరంగా చెప్పాలి. నాకు ఎవరూ చెప్పలేదు, నేనేదో తప్పు చేసినట్టు అనిపించేది. ఐసోలేషన్ అన్నీ ఒకటి కావు. మందులకు లొంగని బ్యాక్టీరియా పట్టినవాళ్ళ దగ్గర భయం చేతులతో, అందుకే గ్లౌజులు, గౌన్లు. కీమో తీసుకునేవాళ్ళని విడిగా పెట్టేది మన నుంచి వాళ్ళని కాపాడటానికి. టీబీ సంగతి గాలితో. దగ్గినప్పుడు వచ్చే సన్నటి తుంపరలు ఎండిపోయి గాలిలో గంటల తరబడి తేలుతుంటాయి. కాబట్టి వరండా వైపు తలుపు మూసి ఉండాలి, బయటివైపు కిటికీ తెరిచి ఉండాలి. నా గదిలో మొదటి రోజు ఏసీ వేశారు. రెండో రోజు పెద్ద డాక్టరు వచ్చి ఆపించి కిటికీ తీయించారు, స్ప్లిట్ ఏసీ ఉన్న గాలినే తిప్పి తిప్పి వదులుతుంది కదా. బెజవాడ మే నెలలో ఏసీ ఆపి కిటికీ తీశారంటే నా పరిస్థితి మీరే ఊహించుకోండి.

మాస్కుల దగ్గర మావాళ్ళంతా తలకిందులుగా చేశారు. నాకు ఖరీదైన ఎన్95 కొనిచ్చి వాళ్ళు చేతిరుమాలు కట్టుకుని వచ్చారు. ఉండాల్సింది వేరే విధంగా. పేషెంటుకి మామూలు సర్జికల్ మాస్కు చాలు, అది తుంపరల్ని బయటికి రాకుండా ఆపుతుంది. లోపలికి వెళ్ళేవాళ్ళకే ఎన్95 కావాలి, అదీ ముక్కు దగ్గర, బుగ్గల దగ్గర సందు లేకుండా. అది సరిగా పెట్టుకున్నాక మంచం పక్కన కూర్చోవచ్చు, చెయ్యి పట్టుకోవచ్చు. చెయ్యి పట్టుకుంటే టీబీ రాదు. మొదటి తొమ్మిది రోజుల్లో బీపీ చూసేటప్పుడు తప్ప నా ఒంటి మీద మనిషి చెయ్యి పడలేదు. పదో రోజు మా తమ్ముడు వచ్చి కాళ్ళు పిసికితే ఏడ్చేశాను, సిగ్గు లేకుండా చెబుతున్నాను.

ఒంటరితనం అంటే ఎవరూ రాకపోవడం అనుకునేవాణ్ణి. వచ్చేవాళ్ళు ఉండేవాళ్ళు, ఆగేవాళ్ళు కాదు. టిఫిన్ తెచ్చే ఆయా తలుపు బయట స్టూలు మీద పెట్టి రెండుసార్లు తట్టి వెళ్ళిపోయేది. సెలైన్ స్టాండు తోసుకుంటూ నేను వెళ్ళి తీసుకునేసరికి సాంబారు మీద మీగడలా పొర కట్టేది. సిస్టర్లకు కళ్ళు తప్ప ఏమీ కనిపించవు, ఎవరు ఎవరో తెలియదు. ఒకమ్మాయి మాత్రం ప్లాస్టర్ ముక్క మీద తన పేరు తెలుగులో రాసి గౌనుకి అంటించుకుని వచ్చేది. పేరుతో పిలిస్తే ఆగి రెండు మాటలు మాట్లాడేది. ఆ అమ్మాయి డ్యూటీ ఏ షిఫ్టో నాకు నోటికి వచ్చేసింది.

మాట దొరక్కపోవడమే కాదు, పని కూడా తప్పుతుంది. నాకు పన్నెండేళ్ళుగా షుగరు. టీబీ మందుల్లో రిఫాంపిసిన్ కొన్ని షుగర్ బిళ్ళల ప్రభావాన్ని తగ్గిస్తుందని ఇన్సులిన్‌కి మార్చారు. ఒక మధ్యాహ్నం గ్లూకోమీటరు బయట ట్రాలీలో ఉండిపోయింది. దాని కోసం సిస్టర్ గౌను విప్పి, మళ్ళీ వేసుకుని రావాలి. షిఫ్టు మారింది, ఆ పూట ఇన్సులినే పడలేదు. రిఫాంపిసిన్ వల్ల మూత్రం నారింజ రంగులో వస్తుందని కూడా ఎవరూ చెప్పలేదు. రక్తం పడుతోందనుకుని ఆ రాత్రంతా టెన్షన్‌తో నిద్ర పోలేదు. ఇది మా ఆస్పత్రి ఒక్కదాని లోపమని అనను. టొరంటో, బోస్టన్ నగరాల్లోని పెద్ద ఆస్పత్రుల్లో ఇన్ఫెక్షన్ వల్ల ఐసోలేషన్‌లో ఉన్న రోగుల్ని మామూలు రోగులతో పోల్చి చూసి 2003లో ఒక అధ్యయనం ప్రచురించారు. చికిత్సలో జరిగే కీడు ఐసోలేషన్ రోగులకు దాదాపు రెట్టింపు, బీపీ, టెంపరేచర్ లాంటివి రాయడం మర్చిపోవడం కూడా ఎక్కువే. అందుకని మీరు ఒక చిన్న నోటు పుస్తకం పెట్టండి. ఏ మందు ఏ పూట పడింది, షుగరు ఎంత, ఏం తిన్నారు అన్నవి ఫోనులో ఆయన్నే అడిగి మీరు రాయండి. ఆయన గుమస్తా కదా, లెక్క అడిగితే మాట్లాడతారు. "ఎలా ఉంది నాన్నా" అంటే మాట్లాడరు.

ఆ "ఎలా ఉంది, తిన్నావా" ఫోన్లతో నాకు విసుగొచ్చేసింది. రోజుకి పాతిక వచ్చేవి, అందరికీ అదే జవాబు. నన్ను నిలబెట్టినవి రెండు. ఒకటి, మా షాపులో కుర్రాడికి చెప్పాను: నాకు ఫోన్ చేసి కౌంటర్ మీద పెట్టి వదిలెయ్, మాట్లాడక్కర్లేదు అని. పొద్దున పదకొండు నుంచి గంటసేపు క్లచ్ ప్లేటు బేరాలు, పక్క షెడ్డులో గ్రైండర్ మోత, టీ కుర్రాడి కేక వింటూ పడుకునేవాణ్ణి. మధ్యలో వాడు రేటు తప్పు చెబితే ఇక్కణ్ణుంచి అరిచేవాణ్ణి. మీ నాన్నగారికి యార్డు గోల వినిపించండి. వేలంపాట జరిగేటప్పుడు ఆయన స్నేహితుడెవరైనా ఫోను జేబులో పెట్టుకుని తిరిగితే చాలు.

రెండోది మా ఆవిడది. నా గది మూడో అంతస్తు, కిటికీ సందువైపు. రోజూ సాయంత్రం ఏడింటికి కింద స్కూటీ ఆపి ఎడమ ఇండికేటర్ వేసి ఉంచేది. ఆ సందులో ఇరవై స్కూటీలుంటాయి, పైనుంచి మనిషి ఆనదు. ఆ పసుపు లైటు కొట్టుకుంటుంటే అదిగో వచ్చింది అనుకునేవాణ్ణి. ఐదు నిమిషాలే. ఒకరోజు బ్యాటరీ దిగిపోయి తోసుకుంటూ ఇంటికి వెళ్ళిందట, నాతో చెప్పలేదు.

మేము చేసిన పెద్ద పొరపాటు ఒకటుంది. అమ్మ అందరికీ "నిమ్ము చేసింది" అని చెప్పింది. టీబీ అన్న మాట ఇంట్లో కూడా అనదు, "ఆ జబ్బు" అంటుంది. నిమ్మే కదా అని తెనాలి నుంచి మా మేనమామ పళ్ళు పట్టుకుని వచ్చారు. కింద సెక్యూరిటీ వెనక్కి పంపేశాడు. ఆయనకి కోపం వచ్చింది, ఏడాది పాటు మాటల్లేవు. దాచిపెట్టడం వల్ల నాకు కలిసొచ్చింది ఏమీ లేదు, ఒక మనిషి తగ్గాడంతే. ఊరంతా చాటక్కర్లేదు, దగ్గరివాళ్ళు నలుగురికైనా పేరు పెట్టి చెప్పండి.

ఇప్పుడు కంచం సంగతి. కంచాలు, గ్లాసులు, పక్క బట్టలు, బాత్రూమ్ ద్వారా టీబీ రాదు. ఇది డాక్టరు నోటితో అమ్మగారు వినాలి, మీరు చెబితే వినరు. మందులకు లొంగే టీబీ అయితే సాధారణంగా రెండు వారాల మందులతోనే అంటించే గుణం చాలా తగ్గిపోతుంది. లొంగుతుందో లేదో కళ్ళె మీద చేసే సీబీనాట్, ట్రూనాట్ పరీక్షల్లో తెలుస్తుంది, ఆ రిపోర్టు అడిగి చూడండి. 1950ల్లో మద్రాసులో సగం మందిని శానిటోరియంలో (టీబీ వాళ్ళని నెలల తరబడి విడిగా ఉంచే ఆస్పత్రి), సగం మందిని ఇంట్లోనే ఉంచి మందులిచ్చి చూశారు. 1959లో ఫలితాలొచ్చాయి: ఇరుకిళ్ళలో ఉన్నవాళ్ళకి కూడా దాదాపు అంతే బాగా నయమైంది, వాళ్ళ ఇంట్లోవాళ్ళకి అదనంగా టీబీ రాలేదు. ఆ తర్వాత చాలా చోట్ల ఇంట్లోనే ఉంచి మందులివ్వడం మామూలైంది. మంగళగిరిలో ఇప్పుడు ఎయిమ్స్ ఉన్న స్థలం ఒకప్పటి టీబీ శానిటోరియందే. అమ్మగారి భయం ఆ కాలం నాటిది, అమ్మగారిని అని లాభం లేదు.

అందుకే డాక్టరుని అడగాల్సిన ప్రశ్న "ఎన్నాళ్ళు జాగ్రత్త" అని కాదు, "ఏ తేదీ నుంచి అక్కర్లేదు" అని. నా విషయంలో పదహారో రోజు గది తలుపు మీద ఐసోలేషన్ బోర్డు తీసేశారు, కానీ తీసేశామని ఇంట్లో ఎవరికీ ఎవరూ చెప్పలేదు. దాంతో ఇంట్లో ఆ బోర్డు ఇంకో తొమ్మిది నెలలు ఉంది. మందులు వాడింది ఆరు నెలలే. నాకు కేటాయించిన కంచం అడుగున మా మేనత్త పేరు చెక్కి ఉంటుంది, ఆమె పెళ్ళికి పెట్టింది. ఇప్పటికీ అది అటక మీదే ఉంది, అందులో ఎవరికీ వడ్డించరు. నేనూ అడగలేదు. మీరు డాక్టరు చెప్పేటప్పుడు ఫోను స్పీకర్లో పెట్టి అమ్మగారికి వినిపించండి, కుదిరితే డిశ్చార్జి కాగితం మీద ఆ తేదీ రాయించండి.

మిగతావి త్వరగా చెప్పేస్తాను. ఇంట్లో అందరికీ పరీక్ష చేయించండి, పిల్లలుంటే ముఖ్యంగా, వాళ్ళకి రాకుండా ముందే మందిస్తారు. ప్రైవేటులో ఉన్నా నిక్షయ్‌లో (టీబీ రోగుల వివరాలు రాసే ప్రభుత్వ పోర్టల్) నమోదు చేయించమనండి, పోషణకు నెలకి 1000 రూపాయలు ఆయన ఖాతాలో పడతాయి (నాకు 500 ఇచ్చేవారు, 2024 నవంబరు నుంచి పెంచారు). ఇంటికొచ్చాక కూడా దిగులు తగ్గకపోతే మనసు బాగోలేనివాళ్ళ కోసం ప్రభుత్వం నడిపే టెలీ మానస్ ఫోన్ లైను 14416కి చేయండి, తెలుగులో మాట్లాడతారు.

రేపు లోపలికి వెళ్ళేది మీరే అయితే పొడుగు వైరున్న చార్జరు తీసుకెళ్ళండి. ఆ గదుల్లో ప్లగ్గు తల వెనకాల గోడకి ఉంటుంది, పడుకున్న మనిషికి అందదు. నా ఫోను రెండు రోజులు చచ్చిపడి ఉంటే నేను అలిగానని అనుకున్నారు మావాళ్ళు.