తూర్పు జర్మనీ కామిక్స్ మీద రాయబోయే మేనకోడలికి

అమ్మలూ,

లైప్‌జిగ్‌లో నువ్వు తూర్పు జర్మనీ కామిక్స్ మీద ప్రాజెక్టు చేస్తున్నావని మీ అమ్మ చెప్పింది. చాలా సంతోషం. బెర్లిన్‌లో ఉన్నన్నాళ్లూ ఆ పాత సంచికలు వెతికి కొనుక్కున్నవాణ్ణి కాబట్టి నాలుగు మాటలు చెబుతాను.

ముందు ‘మొజాయిక్’ పట్టుకో. 1955 డిసెంబరులో హన్నెస్ హెగెన్ ప్రారంభించిన పత్రిక అది. డిగ్, డాగ్, డిగెడాగ్ అనే ముగ్గురు పొట్టివాళ్లు కాలాలూ దేశాలూ దాటి తిరుగుతుంటారు. సోషలిస్టు దేశపు పత్రిక కదా, అంతా ప్రచారమే అయ్యుంటుందని ముందే తేల్చేయకు. అలాగని రాజకీయమే లేదనీ రాయకు. 1958 చివర్లో మొదలైన అంతరిక్ష కథలు తీసి చూడు. సోవియట్ ఉపగ్రహం స్పుత్నిక్ ఎగిరి అప్పటికి ఏడాది దాటింది. మనవాళ్లు నియోస్ అనే గ్రహానికి చేరతారు. అక్కడ రెండు కూటములు ఒకదాని మీద ఒకటి కత్తులు నూరుతుంటాయి. ఆనాటి ప్రచ్ఛన్న యుద్ధమే అది! 1964 నుంచి రుంకెల్ అనే మధ్యయుగపు వీరుడి కథలు, 1969 నుంచి అమెరికా కథలు. అమెరికా వెళ్లే వీల్లేని పిల్లలు మిసిసిపీ ఆవిరి పడవల పందెం ఆ పేజీల్లోనే చూశారు. నాకు అన్నిటికన్నా ఇష్టమైనవి అవే.

చదివేటప్పుడు మాటలు పేజీలో ఎక్కడున్నాయో గమనించు. తొలి సంచికల్లో పాత్రల నోటి దగ్గర మాటల బుడగలుంటాయి. పోనుపోనూ అవి తగ్గి, మాటలన్నీ బొమ్మ కిందికి చేరాయి. బుడగలుండే పశ్చిమ దేశాల కామిక్స్‌ను చెత్త అని తిట్టే రోజులవి. సంవత్సరాల వారీగా ఈ మార్పు రాసుకుంటే నీకు ఒక అధ్యాయం తయారైనట్టే.

అక్కడి పెద్దవాళ్లతో మాట్లాడేటప్పుడు సెన్సార్ ఊసు ముందే ఎత్తకు. “సంచిక మీకెలా దొరికేది?” అని అడుగు. అడిగినవాళ్లందరికీ కాపీలు చాలేవి కావు. కియోస్క్‌లో కౌంటర్ కింద దాచి తెలిసినవాళ్లకే ఇచ్చేవారు. ఆ ముచ్చట మొదలైతే మిగతావి వాళ్లే చెబుతారు.

1975లో హెగెన్ ప్రచురణసంస్థతో విడిపోయాడు. పాత ముగ్గురూ ఆయనతోనే పోయారు, 1976 జనవరి నుంచి అబ్రాఫాక్సె అనే కొత్త ముగ్గురొచ్చారు. వాళ్లను పుట్టించిన లోథార్ డ్రేగర్, లోనా రీట్షెల్ పేర్లు తప్పకుండా రాయి. ఒక్క హెగెన్‌కే దండలు వేయడం అన్యాయం. దేశమే లేకుండా పోయినా వాళ్ల పాత్రలతో పత్రిక ఇంకా వస్తోంది.

హెగెన్ దాచుకున్న సామగ్రి మీ ఊళ్లోని సమకాలీన చరిత్ర మ్యూజియానికే చేరింది. ముందుగా మెయిల్ పెట్టి, అసలు డ్రాయింగులు చూడొచ్చా అని అడుగు. ఫొటోలకు అనుమతి రాతపూర్వకంగా తీసుకో.

ఆశీస్సులతో,
మీ మావయ్య