తనఖా ఇంటి దావాలో రాజీకి వెళ్ళొచ్చా? మా ఇంట్లో జరిగింది చెబుతాను

మీ నాన్నగారు స్వాధీన తనఖా (అప్పిచ్చినవారికే ఇల్లు అప్పగించే తనఖా) పెట్టిన ఇంటిని విడిపించమని మీరు దావా వేశామన్నారు. జడ్జిగారు మీడియేషన్‌కు, అంటే మధ్యవర్తి దగ్గర రాజీ మాటలకు, పంపుతామన్నారు. వెళితే మన కేసు వీక్ అని ఒప్పుకున్నట్టేనా అన్నది మీ అనుమానం. కాదండీ. అక్కడ అన్న మాటలు తర్వాత కోర్టులో సాక్ష్యంగా పనికిరావు, కుదరకపోతే కేసు ఆగినచోటి నుంచే నడుస్తుంది.

మాదీ ఇదే గొడవ. నాన్న తెలిసిన పెద్దాయన దగ్గర 2 లక్షలు తీసుకుని ఇల్లు ఆయనకు అప్పగించారు. వడ్డీకి బదులు ఆయన అందులో ఉండటం. నాన్న పోయాక డబ్బు పట్టుకెళితే, "ఇన్నేళ్ళున్నాను, పైన గది కూడా వేశాను, ఇప్పుడు పొమ్మంటే ఎలా" అన్నాడు పెద్దాయన. ఎన్నేళ్ళున్నా తనఖా తనఖానే. బాకీ తీర్చి ఆస్తి వెనక్కి తీసుకునే హక్కు 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం 60వ సెక్షన్‌లోనే ఉంది. అయితే మీ దస్తావేజు ఒకసారి మళ్ళీ చదవండి. పైకి అమ్మకం దస్తావేజు, తిరిగి రాసిస్తామన్న ఒప్పందం వేరే కాగితంలో ఉంటే దాన్ని తనఖా అనరు. ఆ షరతు అదే దస్తావేజులో ఉండాలి. మీది ఆ రకమైతే బేరంలో మీ బలం బాగా తగ్గుతుంది.

మా దావా ఐదేళ్ళు వాయిదాల మీదే గడిచింది. తనఖా కేసులో ముందు ప్రిలిమినరీ డిక్రీ (తొలి తీర్పు), తర్వాత ఫైనల్ డిక్రీ (తుది తీర్పు), పైన అప్పీళ్ళు. అందుకే మీడియేషన్‌కు సరే అన్నాం.

మొదటి రెండు సిట్టింగులూ దండగ. మూడోసారి మీడియేటర్ వకీళ్ళను బయట కూర్చోమని మమ్మల్ని మాత్రమే లోపలికి పిలిచారు. పెద్దాయన డబ్బు ఊసే ఎత్తలేదు. మడతలు పడిన మా ప్లెయింటు (దావా పత్రం) కాపీ తీసి ఒక లైను మీద వేలు పెట్టాడు. "అక్రమంగా ఆక్రమించుకుని" అని ఉందక్కడ. "మీ నాన్న తన చేత్తో తాళాలిచ్చాడు. నేను కబ్జాదారునా?" అన్నాడు. నిజం చెప్పొద్దూ, ఆ లైను మేమెవరమూ చదవనేలేదు. అన్నయ్య "అది వకీలు రాత బాబాయ్, మా మాట కాదు" అన్నాడు. ఆ తర్వాతే ఆయన సంచిలోంచి సిమెంటు, ఇనుము బిల్లుల కవరు బయటికి వచ్చింది.

ఆస్తి పాడైపోకుండా కాపాడటానికి తప్పనిసరైన పని కాకపోతే, తనఖా పట్టినవాళ్ళు చేయించిన మార్పులకు డబ్బివ్వాల్సిన పని సాధారణంగా ఉండదు (అదే చట్టం 63ఏ సెక్షన్). మా వకీలు ఇదే పట్టుకుని కూర్చున్నాడు. పెద్దాయన 6 లక్షలు అడిగాడు, చివరికి అసలు కాక లక్షన్నరకు తెగింది. ఇవ్వకుండా గెలిచేవాళ్ళమేమో, కానీ ఇంకెన్నేళ్ళకో!

అసలు జాగ్రత్తంతా రాజీ పత్రం రాతలో ఉంది. మా మొదటి డ్రాఫ్టులో "మూడు నెలల్లో ఖాళీ చేయవలెను" అని ఉంటే జడ్జిగారు చూసి "ఎప్పటి నుంచి మూడు నెలలు?" అని వెనక్కి ఇచ్చారు. రెండోసారి తేదీ వేశాం. ఆ రోజు డీడీ (బ్యాంకు డిమాండ్ డ్రాఫ్టు), తాళాలు, అసలు దస్తావేజు ఒకేసారి చేతులు మారాలని, తాళాలివ్వకపోతే రోజుకు ఇంతని, మేం డీడీ ఇవ్వకపోతే వడ్డీ ఇంతని రాసుకున్నాం. అక్క కూడా వాదే కాబట్టి ఆమె సంతకం కోసం ఇంకో వాయిదా ఆగాల్సి వచ్చింది. మీ వారసుల్లో మైనర్ ఉంటే రాజీకి కోర్టు అనుమతి విడిగా తీసుకోవాలి, లేకపోతే తర్వాత ఆ మైనర్ తరఫున దాన్ని తిరగదోడొచ్చు.

పెద్దమనుషుల దగ్గర తెల్లకాగితం మీద రాసుకుని కేసు విత్‌డ్రా చేసుకుందామని ఎవరైనా అంటే ఒప్పుకోకండి. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 23 రూల్ 3 కింద రాజీని రికార్డు చేయించి డిక్రీ తీసుకోండి. జడ్జిగారు మమ్మల్ని పిలిచి "ఇష్టపూర్వకంగానే సంతకం పెట్టారా" అని అడిగి పాస్ చేశారు. సమ్మతి డిక్రీ మీద మామూలుగా అప్పీలు ఉండదు. మాట తప్పితే కొత్త దావా అక్కర్లేదు, ఈపీ (డిక్రీ అమలు చేయమనే పిటిషన్) వేస్తే చాలు. లోక్ అదాలత్‌లో అవార్డు అయినా డిక్రీతో సమానమే, పైగా కట్టిన కోర్టు ఫీజు తిరిగొస్తుంది.

ఒక్కటి మేం దాదాపు మర్చిపోయాం, ఈసీ (ఆస్తి మీద రిజిస్టరైన లావాదేవీలు చూపే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్). డిక్రీ చేతిలో ఉన్నా సబ్ రిజిస్ట్రార్ ఆఫీసు రికార్డులో తనఖా అలాగే కనిపిస్తుంది. చివరి నిమిషంలో "తనఖా విడుదల దస్తావేజు రిజిస్టరు చేసి ఇవ్వవలెను, ఖర్చు చెరిసగం" అని చేర్పించాం. తాళాలిచ్చిన వారానికి పెద్దాయనే వచ్చి సంతకం పెట్టాడు. ఆ తర్వాత ఈసీ తీయించి చూసుకున్నాకే మిగిలిన కాగితాలు బీరువాలో పెట్టాం.