బిల్లు గొడవ తేలేదాకా పేషెంటును ఆస్పత్రి ఆపేయొచ్చా? డిశ్చార్జి రోజు ఏం చూసుకోవాలి?

ఆపకూడదు. జాతీయ మానవ హక్కుల కమిషన్ 2018లో తయారుచేసిన రోగుల హక్కుల పత్రం ప్రకారం, బిల్లు మీద తగాదా ఉందని పేషెంటునుగానీ, చనిపోతే మృతదేహాన్నిగానీ పట్టి ఉంచే వీల్లేదు. అలాగని బాకీ మాఫీ అయిపోదు. ఐటెమ్ వారీ బిల్లు అడిగి, అభ్యంతరాన్ని కాగితం మీద రాసి ఇచ్చి, కాపీ మీద స్టాంపు వేయించుకోండి. కేస్‌షీట్ కాపీలు అడిగితే 72 గంటల్లో ఇవ్వాలి.

క్యాష్‌లెస్ బీమా అయితే, ఆస్పత్రి నుంచి డిశ్చార్జి రిక్వెస్టు అందిన 3 గంటల్లో కంపెనీ తుది అనుమతి ఇవ్వాలన్నది 2024 నుంచి ఉన్న నిబంధన. అంతకు మించితే ఆస్పత్రి వేసే అదనపు ఛార్జీ బీమా కంపెనీదే. అసలు రిక్వెస్టు ఎన్నింటికి వెళ్లిందో బిల్లింగ్ కౌంటర్లో అడగండి; లేటు చాలాసార్లు అక్కడే.

ఇంటికెళ్లాక తేడా కొట్టేది ఎక్కువగా మందుల దగ్గర. ఇంట్లో బీపీకి టెల్మిసార్టన్ 40 వాడుతుంటారు, ఆస్పత్రివాళ్లు అదే మందును ఇంకో బ్రాండు పేరుతో రాస్తారు. రెండూ వేసుకుంటే బీపీ పడిపోయి, లేచి నిలబడగానే కళ్లు తిరుగుతాయి. పాత మాత్రలన్నీ కవర్లో వేసి ఆస్పత్రికి తీసుకెళ్లండి. ఏది ఆపాలో, ఏది కొనసాగించాలో డిశ్చార్జి సమ్మరీ మీదే రాయించండి, నోటిమాట సరిపోదు. కుట్లు విప్పే తేదీ, యూరిన్ పైపు ఉంటే తీసే తేదీ, రాత్రిపూట జ్వరమో ఆయాసమో వస్తే ఫోన్ చేయాల్సిన నంబరు కూడా అందులోనే ఉండాలి.